ఆదివారం పొద్దున స్మూత్ జాజ్‌కు రెండు గంటలు ఇవ్వండి: చికాగో రేడియో యజమానులకు బహిరంగ లేఖ

చికాగో మహానగర ప్రాంతంలో ఎఫ్ఎం స్టేషన్లు నడుపుతున్న యాజమాన్యాలకు, వాటి ప్రోగ్రామ్ డైరెక్టర్లకు,

అయ్యా, అమ్మా,

మీకు తెలుగు రాదని తెలిసే ఈ ఉత్తరం తెలుగులో రాస్తున్నాను. ఇంగ్లీషులో ఇదివరకే మూడుసార్లు రాశాను. ఒక స్టేషన్ నుంచి "మా ప్రసారాలు వింటున్నందుకు ధన్యవాదాలు" అని జవాబొచ్చింది. నేను రాసిందేమో వినడం మానేశానని. మిగతా రెండు చోట్ల నుంచి ఆ మాత్రం కూడా రాలేదు. అందుకని ఈసారి దారి మార్చాను. నేపర్‌విల్‌లో, అరోరాలో, షామ్‌బర్గ్‌లో మా తెలుగువాళ్ళ పళ్ళ క్లినిక్కులున్నాయి, ఇళ్ళు అమ్మే ఆఫీసులున్నాయి, ఇడ్లీ దోసె హోటళ్ళున్నాయి. ప్రకటనల కోసం మీ సేల్స్ వాళ్ళు అప్పుడప్పుడు వాళ్ళకు ఫోన్లు చేస్తుంటారు. ఇది చదివినవాళ్ళలో ఎవరో ఒకరు ఆ ఫోనులోనే మీకు సంగతి చెబుతారని నా ఆశ. శ్రోత ఉత్తరం చదవకపోయినా, డబ్బులిచ్చేవాడి మాట వింటారు కదా.

ఈ ఊళ్ళో స్మూత్ జాజ్ వినిపించే ఎఫ్ఎం స్టేషన్ ఒకటి ఉండేది. డబ్ల్యూఎన్‌యూఏ, 95.5. 1987 ఆగస్టులో మొదలై 2009 మే 22న ఆగిపోయింది. దాన్ని ఉన్నదున్నట్టు తిరిగి తెమ్మని అడగను, అది అయ్యే పని కాదు. నేనడిగేది చాలా చిన్నది. కాని ముందు మీరు తీసేసినదేమిటో చెప్పాలి. మీ ఆఫీసుల్లో ఇప్పుడు కూర్చున్నవాళ్ళలో చాలామంది అప్పటికింకా బడికి వెళ్తుంటారు.

నేను 1998లో వైటూకే పని మీద ఇక్కడికి వచ్చాను. వచ్చిన రెండో నెలలో ఒక పాత కరోలా కొన్నాను. రాజమండ్రి నుంచి తెచ్చుకున్న ఘంటసాల క్యాసెట్టును దాని టేప్ ప్లేయరు మొదటి వారంలోనే నమిలేసింది. ఇక మిగిలింది రేడియో. నేపర్‌విల్ నుంచి డౌన్‌టౌన్‌కు ఐ-88 హైవే పట్టుకుని వెళ్తే హిల్‌సైడ్ దగ్గర అది ఐసన్‌హోవర్ ఎక్స్‌ప్రెస్‌వేలో కలుస్తుంది. ఆ కలిసే చోటును అప్పట్లో జనం హిల్‌సైడ్ స్ట్రాంగ్లర్ అనేవారు, గొంతు నులిమేది అని అర్థం. పేరుకు తగ్గట్టే ఉండేది. అక్కడ ఇరుక్కుని, పక్క లేనులోకి దూరే ధైర్యం లేక, వెనకవాడు హారన్ కొడుతుంటే టెన్షన్‌తో బటన్లు నొక్కుతున్నప్పుడు 95.5 తగిలింది. ఒక సాక్సోఫోన్, దాని కింద మెత్తగా గిటారు. మాటలు లేవు. రోజంతా ఆఫీసులో ఇంగ్లీషు వినీ వినీ అలిసిపోయే నాకు, అర్థం చేసుకోవాల్సిన పని లేని రేడియో ఒకటుందని అప్పుడే తెలిసింది.

ఈ సంగీతం సంగతి తెలియని మావాళ్ళ కోసం ఒక్క మాట. కెన్నీ జీ పేరు వినకపోయినా ఆయన సాక్సోఫోన్ వినని తెలుగువాళ్ళు తక్కువ. హైదరాబాదులో ఏ పెద్ద హోటల్ లిఫ్టులోనో ఎప్పుడో ఒకప్పుడు చెవిన పడే ఉంటుంది. కాని స్మూత్ జాజ్ అంటే ఆయనొక్కడే కాదు. 1976లో జార్జ్ బెన్సన్ గిటారుతో వచ్చిన 'బ్రీజిన్', 1980లో గ్రోవర్ వాషింగ్టన్ జూనియర్ సాక్సోఫోన్‌తో వచ్చిన 'వైన్‌లైట్' ఈ దారికి పునాది వేశాయి. స్పైరో జైరా, బాబ్ జేమ్స్, బోనీ జేమ్స్, డేవ్ కాజ్, క్రిస్ బాటి వరసగా వస్తారు. మధ్య మధ్య షాడే, అనితా బేకర్ లాంటి గొంతులు. జాజ్ లోని సుడులు కాస్త తగ్గించి, సోల్ సంగీతం నడకను కలిపి, పని చేసుకుంటూ వినడానికి వీలుగా చేసిన సంగీతం అనుకోండి. డబ్ల్యూఎన్‌యూఏ పేరులోని 'ఎన్‌యూఏ' న్యూ ఏజ్ అనే మాట నుంచి వచ్చింది. మొదట్లో ఆ రకం సంగీతం ఎక్కువ వేసేవారట. 'స్మూత్ జాజ్' అన్న మాట కూడా చికాగోలో శ్రోతలను కూర్చోబెట్టి అభిప్రాయాలు అడిగినప్పుడు ఒకావిడ నోట వచ్చిందని రేడియో వాళ్ళు చెప్పుకుంటారు. అంటే పేరు పెట్టింది కూడా ఈ ఊరే.

పొద్దున పూట ఆ స్టేషన్‌లో మాట్లాడేది రామ్సే లూయిస్. 1935లో ఈ ఊళ్ళోనే పుట్టిన పియానో విద్వాంసుడు, 1965లో 'ది ఇన్ క్రౌడ్'తో దేశమంతా పేరు తెచ్చుకుని గ్రామీ అందుకున్నవాడు. అంత మనిషి తెల్లవారుజామున స్టూడియోకు వచ్చి మైకు ముందు కూర్చునేవాడు. అది ఎంత అపురూపమో అప్పుడు నాకు తెలియలేదు. తెలిసింది మా నాన్నకు.

నాన్న 2004 నవంబరులో వచ్చి ఆరు నెలలున్నారు. రావద్దన్న నెలలోనే వచ్చారు. బయట మంచు, ఇంట్లో మేమిద్దరం ఉద్యోగాలకు పోతే ఆయన ఒక్కరే. వంటింట్లో ఫ్రిజ్ మీద చిన్న రేడియో పెట్టి 95.5 తిప్పి వెళ్ళేవాణ్ణి. మొదటి రోజు సాయంత్రం నేను తలుపు తీయగానే, "ఏరా, ఇది మన కద్రి గోపాల్‌నాథా?" అన్నారు, సాక్సోఫోన్ మీద కర్ణాటక సంగీతం వాయించే ఆయన అనుకుని. కాదన్నాను. "అదే అనుకున్నా. రాగం పట్టుకుందామంటే ఎక్కడికక్కడ జారిపోతోంది" అన్నారు. రెండు వారాలయ్యేసరికి రాగం వెతకడం మానేశారు. వంకాయలు తరుగుతూ, పేపరు చదువుతూ, కునుకు తీస్తూ వింటుండేవారు. నేను ఆఫీసు నుంచి ఫోన్ చేస్తే, "ఐసన్‌హోవర్ మీద ఏదో గుద్దుకుందట, ఆలస్యంగా బయలుదేరు" అని నాకే ట్రాఫిక్ చెప్పేవారు. ఆయనకు అర్థమైన ఇంగ్లీషు అంతే. రామ్సే లూయిస్ ఎవరో చెబితే ఆశ్చర్యపోలేదు. బాలమురళీకృష్ణ గారు విజయవాడ ఆకాశవాణిలో పనిచేసిన రోజులు ఆయనకు గుర్తు. "పెద్ద విద్వాంసుడు రేడియోలో కూర్చుంటే ఆ స్టేషన్‌కి ఒక తీరు వస్తుందిరా" అన్నారు. అప్పటి నుంచి ఆయన నోట అది 'రామ్సే గారి రేడియో' అయింది.

ఇక మే 22. మెమోరియల్ డే సెలవుల ముందు శుక్రవారం. మా ఆఫీసులో జీతాల లెక్కలు చూసే పెద్దావిడ ఒకరుండేవారు. దక్షిణ చికాగోలో పుట్టి పెరిగిన నల్లజాతి మహిళ. ఆవిడ బల్ల మీద, స్టేప్లరు పక్కన, పొద్దున వచ్చింది మొదలు సాయంత్రం దాకా 95.5 సన్నగా మోగుతుండేది. వాయిస్తున్నది గ్రోవరా, బోనీ జేమ్సా అని నాకు గుర్తుపట్టడం నేర్పింది ఆవిడే. ఆ రోజు నేను మీటింగు నుంచి తిరిగొచ్చేసరికి ఆవిడ రేడియోను చేతిలో పట్టుకుని, ఏరియల్ అటూ ఇటూ తిప్పుతున్నారు. స్టేషన్ జారిపోయిందేమో అనుకున్నారు. స్పానిష్ పాట వస్తోంది. డయల్ మీద ముల్లు 95.5 దగ్గరే ఉంది. ఇద్దరం ఒకసారి ముల్లును, ఒకసారి ఒకరి మొహం ఒకరం చూసుకున్నాం. ఆవిడ రేడియో కట్టేసి, వైరు చుట్టి, సొరుగులో పెట్టేశారు. రిటైరయ్యేదాకా మళ్ళీ బయటికి తీయగా నేను చూడలేదు.

స్పానిష్ శ్రోతల మీద నాకేం కోపం లేదు. రేపు తెలుగులో ఒక పూర్తి ఎఫ్ఎం వస్తే నేనూ ఎగిరి గంతేస్తాను. ఆ తర్వాత అదే 95.5 మీద కంట్రీ పాటలు వచ్చాయి, రాక్ వచ్చింది. స్మూత్ జాజ్ మాత్రం దాదాపు 22 ఏళ్ళు నిలబడింది.

పైగా ఇది చికాగో ఒక్కదాని కథ కాదు. న్యూయార్క్‌లో 101.9 అంతకు ముందు ఏడాది, 2008 ఫిబ్రవరిలోనే మారిపోయింది. శాన్ ఫ్రాన్సిస్కోలో మావాళ్ళు ఎంతోమంది బ్రిడ్జీల మీద వింటూ వెళ్ళిన 103.7 మనకంటే నాలుగు రోజుల ముందు పోయింది. అదే ఏడాది అక్టోబరులో డెట్రాయిట్, మరుసటి ఏడాది చివర్లో సియాటిల్. లాస్ ఏంజెలెస్‌లో 94.7 పేరు నిలబెట్టుకుంది కాని, సాక్సోఫోన్లు తగ్గి గొంతు పాటలు పెరిగాయి. ఇన్ని ఊళ్ళలో జనానికి మూడేళ్ళ లోపలే ఒకేసారి చెవి చెడిందంటే నమ్మాలా?

మారింది మా చెవి కాదు, మీ కొలబద్ద. అంతకుముందు ఎవరేం వింటున్నారో తెలుసుకోవడానికి ఆర్బిట్రాన్ కంపెనీ ఇళ్ళకు చిన్న డైరీలు పంపేది. వారం రోజులు ఏ స్టేషన్ ఎప్పటి నుంచి ఎప్పటి దాకా విన్నారో చేత్తో రాసి పంపాలి. మా ఆఫీసు పెద్దావిడ లాంటివాళ్ళు ఏం రాస్తారు? పొద్దున తొమ్మిది నుంచి సాయంత్రం ఐదు దాకా, 95.5, అని. మధ్యలో మీటింగుకు వెళ్ళారా, భోజనానికి కిందికి దిగారా అన్నది ఎవరు గుర్తుపెట్టుకుంటారు? అందుకని డైరీల కాలంలో ఈ స్టేషన్లకు మంచి అంకెలు వచ్చేవి. కాస్త ఎక్కువే వచ్చేవని ఒప్పుకుంటాను.

తర్వాత పీపుల్ మీటర్ వచ్చింది. 2007లో ఫిలడెల్ఫియా, హ్యూస్టన్‌లలో మొదలై 2008లో చికాగోకు చేరింది. స్టేషన్ పంపే శబ్దంలోనే మనిషి చెవికి తెలియని ఒక సంకేతాన్ని కలుపుతారు. పేజరంత పరికరం ఒకటి శాంపిల్ మనుషుల నడుముకు ఉంటుంది. దగ్గర్లో ఏ స్టేషన్ మోగుతుంటే దాని సంకేతాన్ని అది పట్టుకుంటుంది. డైరీలాగా జ్ఞాపకం మీద ఆధారపడదు, నిజమే. కాని ఆ సంకేతం దాక్కోవడానికి పాటలో చోటు కావాలి. 1,000 నుంచి 3,000 హెర్ట్జ్ మధ్య శబ్దం దట్టంగా ఉంటే దాని వెనక దాక్కుంటుంది. పాట పలచబడితే సంకేతాన్నీ తగ్గించాల్సిందే, లేకపోతే అదే వినబడిపోతుంది. గడగడ మాట్లాడేవాళ్ళు, డప్పు మోత ఉన్న పాటలు సులువుగా లెక్కకొస్తాయి. గాలి వదులుతూ ఆగి ఆగి సాగే సాక్సోఫోన్, అదీ ఆఫీసు బల్ల మీద సన్నగా పెట్టుకున్నది, అంత సులువుగా లెక్కకు రాదేమోనన్న అనుమానం మీ రంగంలోనే చాలామందికి ఉండేది.

ఆ అనుమానం గాలి మాటేమీ కాదు. 2014 ప్రాంతంలో వోల్టేర్ అనే పెట్టె ఒకటి మార్కెట్లోకి వచ్చింది. సంకేతం మీటరుకు బాగా అందేలా శబ్దాన్ని సర్దుతుందని చెప్పి అమ్మారు. ఒక్కోటి 15,000 డాలర్లు. మీలో చాలామంది కొన్నారు. కొన్నారంటే మీటరు అందరినీ ఒకేలా వినడం లేదని మీకూ అనిపించినట్టే కదా. ఆ గొడవ తర్వాత, 2013లో ఆర్బిట్రాన్‌ను కొనుక్కున్న నీల్సన్ తన సంకేతాన్నే బలపరిచింది. అది 2015లో. మా 95.5 పోయి అప్పటికి ఆరేళ్ళు. ఉరి తీసిన తర్వాత అప్పీలు గెలిచినట్టుంది.

ఇంకొక సంగతి. ఈ స్టేషన్ల శ్రోతల్లో నల్లజాతి కుటుంబాల వాటా ఎక్కువ. మీటర్ల శాంపిల్ వాళ్ళనూ లాటినోలనూ సరిగ్గా లెక్కలోకి తీసుకోవడం లేదని 2008 అక్టోబరులో న్యూయార్క్, న్యూజెర్సీ రాష్ట్రాల అటార్నీ జనరళ్ళు కోర్టుకెక్కారు. 2009 జనవరిలో రాజీ కుదిరింది. శాంపిల్ మెరుగు చేస్తామని కంపెనీ ఒప్పుకుంది. సరిదిద్దుకుంటామని మాట ఇచ్చిన లెక్కలే నాలుగు నెలల తర్వాత కూడా ఊరూరా స్టేషన్ల తలరాత రాశాయి.

అన్నీ మీటరు మీదకు తోసేసి చేతులు దులుపుకోవడం కూడా న్యాయం కాదు. నిజం చెప్పుకుందాం. మీటరు రాకముందే ఆ సంగీతాన్ని సగం చంపింది మీ కన్సల్టెంట్లు. పాటల ముక్కలు వినిపించి, నచ్చితే ఇటు తిప్పండి, నచ్చకపోతే అటు తిప్పండి అని జనం చేతికి మరలు ఇచ్చారు. ఎవరికీ అభ్యంతరం లేని పాటలే మిగిలాయి. ఎవరికీ అభ్యంతరం లేనిది ఎవరికీ గుర్తుండదు కూడా. ఒక్క వాద్యమే ముందుకొచ్చి సాగే సోలోలు కత్తిరించారు. చివరి రోజుల్లో అవే పాటలు తిరిగి తిరిగి వచ్చేవి. నేను స్నానానికి వెళ్ళేటప్పుడు మొదలైన వరస మళ్ళీ కారెక్కేసరికి వచ్చినట్టుండేది. జాజ్‌ను ప్రాణంగా చూసుకునేవాళ్ళు ఇది జాజే కాదు, లిఫ్టు సంగీతం అని ఈసడించుకునేవారు. 2011లో గ్రామీ వాళ్ళు ఈ రకం సంగీతానికి చోటున్న కాంటెంపరరీ జాజ్ ఆల్బమ్ అనే విభాగాన్నే ఎత్తేశారు. ఇక 2008లో మార్కెట్ కూలడం, కార్లవాళ్ళు, బ్యాంకులవాళ్ళు ప్రకటనలు తగ్గించడం ఎలాగూ ఉంది. మేం శ్రోతలం మాత్రం తక్కువ తిన్నామా? తలా ఒక పాట ఏరి స్టేషన్ వేసిన సాంప్లర్ సీడీలు ఒకరు కొంటే పదిమందిమి కాపీలు చేసుకున్నాం.

అయినా ఒక మాట మీద మీతో నాకు పేచీ ఉంది. 'వెనకాల మోగే సంగీతం' అని మీ వాళ్ళు చులకనగా అంటారే, అక్కడ. మా రాజమండ్రిలో కోటిపల్లి బస్టాండు దగ్గర టీ కొట్టులో పొద్దస్తమానం వివిధ భారతి మోగుతుండేది. అది వినడానికని ఎవరూ వచ్చేవారు కాదు. టీ తాగేవాళ్ళు రాజకీయాలు మాట్లాడుకుంటుండేవారు. కాని కరెంటు పోయి రేడియో ఆగితే కొట్టులో ఉన్నవాళ్ళంతా ఒక్కసారి తలెత్తి చూసేవారు. మీ మీటరు ఆ తలెత్తడాన్ని కొలవగలదా? కూరలో కరివేపాకు వేస్తాం. తినేటప్పుడు తీసి విస్తరి అంచున పెడతాం. అంచున మిగిలిన రెబ్బలు లెక్కపెట్టి, ఈ ఇంట్లో కరివేపాకు ఎవరూ తినడం లేదు కాబట్టి పెరట్లో చెట్టు కొట్టేద్దామన్నట్టుంది మీ లెక్క.

యాప్‌లో వినొచ్చుగా అంటారు. వింటున్నాను. సిరియస్ ఎక్స్ఎం అనే శాటిలైట్ రేడియోలో వాటర్‌కలర్స్ అనే చానల్‌కు డబ్బు కూడా కడుతున్నాను. బాగానే ఉంటుంది. కాని దానికి ఫ్లోరిడా ఒకటే, మా డూపేజ్ కౌంటీ ఒకటే. ఇక్కడ కిటికీ బయట అడుగు మంచు పడుతుంటే అది బీచ్ గురించి మాట్లాడుతుంది. మొన్న నేను పంటికి రూట్ కెనాల్ చేయించుకోవడానికి మా తెలుగు డాక్టరు గారి క్లినిక్‌లో పడుకున్నాను. గోడ మీద స్పీకరు, కౌంటరు దగ్గర అమ్మాయి ఫోనుకు కలిపి ఉంది. గ్రోవర్ వాషింగ్టన్ వాయిస్తున్నాడు. డాక్టరు గారి చేతిలో డ్రిల్లు నా పంటిలో దిగిన క్షణాన పాట ఠక్కున ఆగింది. నెట్ పోయింది. ఆ గదిలో మిగిలింది డ్రిల్లు చప్పుడు ఒక్కటే. డాక్టరు గారు చేయి ఆపి, "అమ్మా, పాట!" అని కేకేశారు. పాట మళ్ళీ వచ్చేదాకా డ్రిల్లు పెట్టలేదు. నోరు తెరిచి ఉండబట్టి నేనేమీ అనలేకపోయాను కాని, ఈ ఉత్తరం మొదలైంది అక్కడే.

గ్లెన్ ఎలిన్‌లో కాలేజ్ ఆఫ్ డూపేజ్ వాళ్ళ 90.9 ఉందిగా అంటారు కూడా. ఉంది, మా అదృష్టం. ఏటా నాకు తోచినంత పంపుతాను. కాని అది కుదురుగా కూర్చుని వినాల్సిన జాజ్. కచేరీకి వెళ్ళినట్టు. నేను అడిగేది పొద్దున ఇంట్లో పెట్టుకునే రేడియో. స్మూత్ జాజ్‌ను హెచ్‌డీ2 అనే, ప్రత్యేకమైన డిజిటల్ రేడియోలోనే పట్టే పక్క గదిలోకి తోసిన సంగతీ తెలుసు. ఇంట్లో ఎవరి దగ్గరుంది ఆ రేడియో? వంటింటి ఫ్రిజ్ మీద పెట్టుకునేది ఒక్కటి చూపించండి. ఆ మధ్య కొన్నాళ్ళు 87.7 మీద, ఆరో నంబరు టీవీ చానల్ శబ్దం వచ్చే చోట, మళ్ళీ స్మూత్ జాజ్ వినిపించింది. పాత 95.5 గొంతులు కొన్ని అందులో ఉన్నాయి. పండగ చేసుకున్నాం. అదీ నిలవలేదు.

కోర్టుకు పోయే దారి లేదని కూడా తెలుసు. న్యూయార్క్‌లో డబ్ల్యూఎన్‌సీఎన్ అనే శాస్త్రీయ సంగీత స్టేషన్ శ్రోతలు మా కంటే ముందే ఆ ప్రయత్నం చేశారు. ఏ స్టేషన్ ఏ రకం పాటలు వేయాలన్నది మార్కెట్‌కు వదిలేయవచ్చని, రేడియో లైసెన్సులు ఇచ్చే ప్రభుత్వ సంస్థ ఎఫ్‌సీసీ అందులో తలదూర్చనక్కర్లేదని 1981లో సుప్రీంకోర్టు చెప్పింది. సరే. కాని మీ లైసెన్సు మాత్రం ఇప్పటికీ ప్రజా ప్రయోజనం కోసమే అనే షరతు మీద వస్తుంది. ఇల్లినాయ్ స్టేషన్ల లైసెన్సుల గడువు మళ్ళీ 2028 డిసెంబరులో తీరుతుంది. రెన్యువల్ అప్పుడు శ్రోతలు అభిప్రాయాలు రాయవచ్చు. బెదిరింపు అనుకోకండి, మంచి మాటలు రాయడానికి కూడా ఆ అవకాశం వాడుకోవచ్చు.

ఇక అడగవలసింది అడుగుతాను. ఆదివారం పొద్దున ఏడు నుంచి తొమ్మిది దాకా, రెండు గంటలు. మీలో ఏ ఒక్కరైనా సరే, మామూలు ఎఫ్ఎం మీద, ఏ రేడియోలోనైనా పట్టే చోట. ఇప్పుడు ఆ వేళ చాలాచోట్ల ఎప్పుడో రికార్డు చేసిన మాటలే నడుస్తున్నాయి, మీకు పోయేదేమీ లేదు. ఆ రెండు గంటలూ మైకు దగ్గర చికాగోలో ఉన్న మనిషి ఉండాలి. వేరే ఊళ్ళో కూర్చుని పది స్టేషన్లకు ఒకేసారి మాటలు రికార్డు చేసి పంపే గొంతు వద్దు. లేక్ షోర్ డ్రైవ్ మీద వాన పడుతోందో లేదో కిటికీలోంచి చూసి చెప్పగలగాలి. పాటలు సోలోలతో సహా పూర్తిగా వేయాలి. మీ కన్సల్టెంట్ల మరలు కనీసం ఆదివారమైనా సొరుగులో పెట్టండి. ఈ ఊరి వాద్యకారులు ఎందరో ఉన్నారు, వాళ్ళు బయట ఊళ్ళకు వెళ్ళి వాయించి వస్తున్నారు. ఈ సంగీతం వినడానికి జనం డబ్బు కట్టి వారం రోజులు ఓడెక్కి సముద్రం మీద తిరిగి వస్తున్నారు, స్మూత్ జాజ్ క్రూయిజ్ అని. ఓడెక్కే జనం రేడియో పెట్టరా?

మీటరు సంగతంటారా, దాని నియమాలు పైనుంచి ఊడిపడినవి కావని మీరే రుజువు చేశారు. పావుగంటలో ఐదు నిమిషాలు వింటేనే లెక్క అని ఉండేది. 2025 నుంచి మూడు నిమిషాలు చాలన్నారు. మీ అవసరానికి అది మారగలిగినప్పుడు, ఈ ఆదివారం కార్యక్రమాన్ని మూడు నెలల అంకెలు చూసి కొట్టేయకుండా ఏడాది పాటు ఓపిక పట్టడం పెద్ద విషయం కాదు.

డబ్బు మాట కూడా మాట్లాడతాను, ఉత్త చేతులతో రాలేదు. ముందు చెప్పిన పళ్ళ డాక్టరు గారు, అరోరాలో టాక్స్ లెక్కలు చూసే మా స్నేహితుడు, షామ్‌బర్గ్‌లో టిఫిన్ హోటల్ నడిపే దంపతులు, అందరూ మొదటి ఆరు నెలలూ ప్రకటనలు ఇస్తామన్నారు. హోటల్ ఆవిడ ఒక షరతు పెట్టారు. ప్రకటన అరుపులతో ఉండకూడదట. "ఆ పాట పక్కన అరిస్తే మా దోసె అమ్ముడుపోదు" అన్నారు. మీ సేల్స్ వాళ్ళకు వాళ్ళ నంబర్లు నేనే ఇస్తాను.

రామ్సే లూయిస్ 2022 సెప్టెంబరులో కన్నుమూశారు. ఆ వార్త చదివి రాజమండ్రి ఫోన్ చేశాను. నాన్నకు ఇప్పుడు వినికిడి తగ్గింది, ఏదైనా రెండుసార్లు చెప్పాలి. మొదటిసారి వినబడలేదు. రెండోసారి చెప్పాక కాసేపు ఊరుకుని, "మరి ఇప్పుడు పొద్దున ఎవరు మాట్లాడుతున్నారురా?" అన్నారు. స్టేషన్ పోయి పదమూడేళ్ళయిందని ఆయనకు నేనెప్పుడూ చెప్పలేదు. ఇంకా చెప్పలేదు.

మీ జవాబు ఇంగ్లీషులోనే రాయండి, ఫరవాలేదు. తెలుగు చేసి ఆయనకు గట్టిగా చదివి వినిపించే పని నాది.

ఇట్లు,
నేపర్‌విల్ నుంచి ఒక శ్రోత